రెండో సంతకం

"నువ్వయితే మీ భాషలో చెప్పగలవు కదా, కస్తూరీ. మోకి బాగా అర్థమయ్యేలా చెప్పు," అన్నాడు గ్రేయమ్, తొమ్మిది కవర్లు ఆమె బల్ల మీద పెడుతూ.

గ్రేయమ్ ఆరెల్బీ కంపెనీకి ఫైనాన్స్ డైరెక్టరు. మో అంటే మొగిలయ్య. బేసింగ్‌స్టోక్‌లో ఆరెల్బీ వాళ్ల షెడ్డులో ఇరవై రెండేళ్లుగా ఒకే బెంచీ ముందు నిలబడి ప్రెషర్ గేజ్‌లు సరిచూస్తున్న మనిషి. ఆదివారం ఓవర్‌టైముకి రమ్మన్నప్పుడు ఆయనకు ఇంగ్లీషు అర్థమైంది. కొత్తగా చేరినవాళ్లకు పని నేర్పమన్నప్పుడూ అర్థమైంది. ఇవాళ మాత్రం భాష అడ్డొచ్చింది.

కస్తూరి ఆ మాట పైకి అనలేదు. హెచ్‌ఆర్ బల్ల దగ్గర ఆమెకిది మూడో ఏడు. ఇంట్లో డిగ్రీ పట్టా అందుకున్న మొదటి మనిషి ఆమే. చెప్పిన పని చెప్పినట్టు చేయడం చదువుతోపాటే అబ్బిన గుణం. కవర్లలోని ఉత్తరాలు తొమ్మిదీ ఆమె టైపు చేసినవే.

కంపెనీ అమ్ముడుపోతోంది. నాలుగేళ్ల కిందట, 2021 జులైలో, డైరెక్టర్లు ఆరుగురూ తాము తీసుకుంటూ బెంచీ వాళ్లకు కూడా కొన్ని షేర్లు ఇచ్చారు. ఇష్టమొచ్చినప్పుడు అమ్ముకోకూడదు, ఉద్యోగం మానేస్తే వెనక్కి ఇచ్చేయాలి అన్న కట్టుబాట్లున్న షేర్లవి. అలాంటి షేరు చేతికొచ్చినప్పుడు ఈ దేశంలో ఒక ఫారం ఉంటుంది. కట్టుబాట్లు లేవనుకుని పూర్తి ధర మీద పన్ను ఇప్పుడే లెక్క కట్టండి, రేపు పెరిగేదాన్ని జీతం కింద జమకట్టకండి అని ఉద్యోగీ కంపెనీ కలిసి ఒప్పుకునే ఫారం. దాన్ని ఎలక్షన్ అంటారు. షేర్లు వచ్చిన పద్నాలుగు రోజుల్లోపు ఇద్దరి సంతకాలూ పడాలి. ఎవరికీ పంపక్కర్లేదు, కంపెనీ బీరువాలో ఉంటే చాలు. లేకపోతే, షేర్లు అమ్మిన రోజున వచ్చినదాంట్లో దాదాపు సగాన్ని జీతంగా చూసి, జీతం మీద కోసేవన్నీ కోస్తారు.

బెంచీ వాళ్లు తొమ్మిదిమందికీ ఇప్పుడు ఆ కోత పడబోతోంది. ఉత్తరంలో ఉన్నది ఇంతే: ఫారం నేను సకాలంలో తిరిగి ఇవ్వనందువల్ల ఎలక్షన్ చెల్లలేదు, అదనంగా పడే పన్నంతా, కంపెనీ కట్టాల్సిన వాటాతో సహా, నేనే భరిస్తాను, దీని గురించి కంపెనీ మీద ఏ దావా వేయను. కింద సంతకానికి ఒక గీత. గడువు బుధవారం సాయంత్రం నాలుగు.

ఆమె షెడ్డులోకి వెళ్లేసరికి మొగిలయ్య ఒక గేజ్‌ను పైపుకు బిగించి హ్యాండ్ పంపు మెల్లగా నొక్కుతున్నాడు. అరవై మూడేళ్లు. నీలం కోటు, జేబులో రెండు పెన్నులు. ముల్లు పైకి వచ్చి ఆగింది. ఆయన అద్దం మీద గోటితో రెండుసార్లు తట్టాడు. ముల్లు లోపల ఎక్కడైనా పట్టుకుని ఉంటే ఆ దెబ్బకు వదులుతుంది. అలా తట్టకుండా ఆయన ఏ గేజ్‌నూ చదవడు.

"దా బిడ్డా. ఒక్క నిమిషం, ముల్లు నిలవడనియ్యి."

కాగితం మీద అంకె రాసుకుని, చిన్న స్టిక్కరు తీసి, తేదీ వేసి, పొట్టి సంతకం పెట్టి గేజ్ వెనక అతికించాడు. అప్పుడు తలెత్తాడు.

"అంకుల్, షేర్లిచ్చినప్పుడు ఒక ఫారమిచ్చిన్రు, యాదికున్నదా? ఎలక్షన్ ఫారం?"

"ఎందుకు లేదు. బెంచీల అందరం ఓటెవ్వరికి అనుకుంట నవ్వుకున్నం గద."

"అది మీరు టైముకు తిరిగియ్యలేదట."

ఆయన నవ్వు ఆగిపోయింది. గుడ్డ తీసుకుని, మురికి లేని వేళ్లను ఒక్కొక్కటే తుడుచుకున్నాడు.

"ఆషాఢం ఉండె బిడ్డా."

"ఏంది?"

"కాగితమొచ్చింది ఆషాఢంల. ఇంత పెద్ద పనికి ఆషాఢంల సంతకమేందని మా కమల అన్నది. నాలుగు మూలలకు పసుపు రాసి దేవుని కబోర్డుల వెట్టింది. శ్రావణం వడ్డంక సంతకం వెట్టి తెచ్చిచ్చిన. వారం దినాలల్ల ఇయ్యుమని మెయిల్ల ఉండె. నేను వారం దాటిచ్చిన, అది నిజమే."

కస్తూరికి ఒళ్లు మండింది. పరీక్ష ఫీజు కట్టే రోజున కూడా వర్జ్యం చూసి, బ్యాంకు మూసేవేళకు పరుగెత్తుకొచ్చిన తండ్రి కళ్లముందు కదిలాడు. ఎన్ని సముద్రాలు దాటినా ఈ కాగితాలకు పసుపు రాయడం పోదా?

"ఈ దేశంల ట్యాక్సోళ్లకు శ్రావణం తెల్వదు అంకుల్," అంది. గొంతు తాననుకున్న దానికన్నా పెద్దగానే లేచింది. పక్క బెంచీలో నేపాలీ ఆమె తల తిప్పి చూసింది. "ఇరవై రెండేండ్ల నుంచి ఈడ ఉన్నరు. ఇంత మూఢత్వమా? పిల్లలు వింటె నవ్వుతరు."

మొగిలయ్య గుడ్డ మడిచి బెంచీ మీద పెట్టాడు. కవరు చించి ఉత్తరం తీశాడు. పంక్తి కింద వేలు పెట్టుకుంటూ చివరిదాకా చదివాడు. ఆ వేలు 'నేనే భరిస్తాను' దగ్గర కాసేపు ఆగింది.

"నాదే తప్పు. ఎవ్వర్నన్నా ఏమంటం?" జేబులోంచి పెన్ను తీసి, మళ్లీ పెట్టుకున్నాడు. "కమలకు ఒక మాట చెప్పి పెడ్త. బుధారం దాక ఉన్నది గద."

"ఉన్నది."

"జనవరిల పని బందు వెడ్దామనుకున్న. షేర్ల పైసలతోని ఫ్లాటు మార్ట్‌గేజి తీరిపోతుండె." ఒక మోకాలి మీది బరువు రెండో మోకాలి మీదికి మార్చాడు. "ఇంకో ఏడాదిన్నర నిలవడాలె. గంతేనాయె."

ఆమె తిరిగి వస్తుంటే అద్దాల గదిలోంచి గ్రేయమ్ బొటనవేలు పైకెత్తి చూపించాడు, అయిందా అన్నట్టు. ఆమె తలూపింది, మంచిరోజు కోసం ఆగి ఆలస్యం చేశానని ఆయన ఒప్పుకున్నాడని కూడా చెప్పింది. ఆ తలూపడం తలుచుకున్నప్పుడల్లా తర్వాత ఆమెకు మెడ దగ్గర మంట పుట్టేది.

మంగళవారం పొద్దున కొనేవాళ్ల లాయర్ల జాబితా వచ్చింది. కంపెనీ కాగితాలన్నీ స్కాన్ చేసి, ఇరుపక్షాల లాయర్లూ చూసేలా ఆన్‌లైన్ ఫోల్డర్లలోకి ఎక్కించాలి. అది కస్తూరి పని. 7.4 అన్న అంకె పక్కన షేర్ల ఎలక్షన్ ఫారాలని ఉంది. డైరెక్టర్ల ఆరూ గ్రేయమ్ గదిలో తోలు ఫోల్డరులో ఉన్నాయి. ఒక్కోదాని మీద రెండేసి సంతకాలు, అన్నీ జులై ఇరవై ఎనిమిది, షేర్లిచ్చిన రోజే. కంపెనీ తరఫున గ్రేయమ్ సంతకం, గ్రేయమ్ ఫారం మీద మాత్రం ఎండీది. మధ్యాహ్నం భోజనానికి లేచేలోగా అయిపోయి ఉంటుంది ఆ పని.

"బెంచీ వాళ్లకి ఫారాలు లేవు. వాళ్లు తిరిగివ్వలేదని నేను రాసిచ్చిన నోట్ పెట్టు, చాలు," అన్నాడు గ్రేయమ్.

లేవంటే ఎక్కడా లేవా అని ఆమె వెతకబోలేదు. వెతికింది 2021 నాటి జీతాల రిజిస్టరు కోసం. వంటగది పక్కన స్టేషనరీ బీరువాలో, కింది అరలో, పాత రిసెప్షనిస్టు జానెట్ చేతిరాతతో ఒక డబ్బా దొరికింది. 'ట్రే, ఆగస్టు 2021.' జానెట్ రిటైరైపోయింది గానీ ఆమె స్టాంపు కథలు ఇంకా ఆఫీసులో తిరుగుతూనే ఉన్నాయి. చేతికి ఏ కాగితమిచ్చినా అందిన తేదీ స్టాంపు కొట్టేదట. డబ్బాలో పైనున్న పిజ్జా మెనూ మీద కూడా కొట్టి ఉంది.

మెనూ కింద ప్లాస్టిక్ కవరు. కవరు మీద పసుపుపచ్చ చీటీ: 'గ్రేయమ్, నీ సంతకాల కోసం. 11వ తేదీ లోపు!' కింద రెండు గీతలు.

లోపల తొమ్మిది ఫారాలు.

కస్తూరి నేల మీద కూర్చుండిపోయింది. ఒక్కొక్కటే మోకాళ్ల మీద పరుచుకుంది. జులై ముప్ఫై. ఆగస్టు రెండు. మళ్లీ రెండు. ఆరు. అందరివీ ఉన్నాయి. అడుగున ఉన్నదాని నాలుగు మూలలూ పసుపు. నాలుగేళ్లకు అది టీ మరకలా ముదిరింది. మొగిలయ్య సంతకం, పొట్టిది కాదు, పేరు మొత్తం, గుండ్రటి అక్షరాలతో. తేదీ ఆగస్టు తొమ్మిది. స్టాంపు ఆగస్టు పది.

వేళ్ల మీద లెక్కపెట్టింది. నమ్మకం చాలక మళ్లీ లెక్కపెట్టింది. పదో తేదీ అంటే పదమూడో రోజు. గడువుకు ఇంకొక రోజు మిగిలే ఉంది.

ఆయన సంతకం కింద మరో గీత ఉంది. 'కంపెనీ తరఫున.' ఆ గీత మీద ఏమీ లేదు. తొమ్మిదింటి మీదా లేదు.

వంటగదిలో ఎవరో కెటిల్ పెట్టారు. అది మరిగి టక్కుమని ఆగేదాకా ఆమె అక్కడే ఉంది. 'ఇంత మూఢత్వమా' అని తాను అరిచిన అరుపు చెవుల్లో తిరుగుతోంది. ఆయన తల దించుకుని వేళ్లు తుడుచుకోవడం కనిపిస్తోంది. దేవుడి కబోర్డులో పన్నెండు రోజులు పెట్టినవాడి కాగితం టైముకు వచ్చింది. ఆఫీసు ట్రేలో వదిలేసినవాడి సంతకం నాలుగేళ్లయినా పడలేదు. మూఢుడని మాట పడ్డది మాత్రం మొగిలయ్య.

కవరుతో సహా గ్రేయమ్ గదిలోకి వెళ్లింది. ఆయన ఫారాలు చూడలేదు, చీటీ చూశాడు.

"ఆహ్. ఆ ఆగస్టా. సెలవులకని మేం కార్న్‌వాల్‌లో ఉన్నాం. పిల్లలు చిన్నవాళ్లు అప్పుడు."

"ఇవన్నీ టైముకే వచ్చాయి, గ్రేయమ్."

"వచ్చాయి, కానీ పూర్తి కాలేదు. పూర్తి కాకపోతే చట్టం దృష్టిలో లేనట్టే."

కస్తూరి ఒక మాట అంది. అంటున్నప్పుడే సిగ్గుపడింది, అయినా ఆ మోకాళ్లు గుర్తొచ్చి అంది. "ఇప్పుడు మీరు సంతకం పెట్టి, ఆ తేదీయే వేస్తే?"

గ్రేయమ్ కుర్చీలో వెనక్కి జరిగాడు. నిజంగానే అదిరిపడ్డాడు.

"కస్తూరీ! అది ఫ్రాడ్. పన్ను కాగితం మీద నన్ను దొంగ తేదీ వేయమంటున్నావా?"

"లేదు. తప్పే. వద్దు." ఆమె ఫారాలు తన వైపు లాక్కుంది. "మరి ఉత్తరంలో ఉద్యోగి ఆలస్యం వల్ల అని ఉంది కదా. అది నాతోనే టైపు చేయించారు."

"అది లాయర్ల భాష. వారంలో ఇమ్మన్నాం, మో వారంలో ఇచ్చాడా? లేదు. ఆయనే ఒప్పుకున్నాడని నువ్వే చెప్పావు."

"మిగతావాళ్లలో వారంలోపే ఇచ్చినవాళ్లు ఉన్నారు."

ఆయన లేచి తలుపు దగ్గరగా వేశాడు. మళ్లీ వచ్చి కూర్చున్నప్పుడు గొంతు మెత్తబడింది. "చూడు, అమ్మకం పూర్తయ్యాక నీ వీసా స్పాన్సర్‌షిప్ కూడా కొత్తవాళ్ల చేతికి మారాలి. ఎవరెవరు కావాలో ఆ జాబితా నేనే ఇస్తున్నాను. నీ పేరు పైనే రాశాను. అన్నీ సాఫీగా జరగనీ, సరేనా? ఇవి ఎక్కడివక్కడ పెట్టెయ్. 7.4కి నోట్ చాలు."

దొంగ తేదీ వేయడానికి చేయి రాని పెద్దమనిషి. తొమ్మిదిమంది మీద దొంగమాట వేయడానికి ఆ చేయి ఏ మాత్రం వణకలేదు. ఆమె కవరు తీసుకుని బయటికొచ్చింది. ఎక్కడివక్కడ పెట్టలేదు. తన బల్ల సొరుగులో పెట్టి తాళం వేసింది.

అయిదున్నరకు పాప్లీ కాలనీలో మొగిలయ్య ఫ్లాటు బెల్లు కొట్టింది. కమలాబాయి తలుపు తీసింది. స్కూలు వంటశాలలో పనిచేసి వచ్చి, ఇంకా ఆ నల్ల బూట్లు కూడా విప్పలేదు.

"రా తల్లీ, రా. మూఢులముంటం ఇక్కడ, ఫరవాలేదంటె లోపటికి రా."

"కమలా, ఊకో," అన్నాడు లోపలినుంచి మొగిలయ్య.

"ఎందుకు ఊకుంట? నిన్నటి సంది ఈయన నాతోని మాట్లాడ్తలేడు. నీ పసుపు వల్లనే అంటడు. ఏడాదిన్నర నిలవడాలె నీ పసుపు వల్ల అంటడు. నా పసుపు ఏం జేసింది తల్లీ? చదువుకున్నదానివి, నువ్వన్న చెప్పు."

"ఏం జెయ్యలేదు ఆంటీ," అంది కస్తూరి. చెప్పులు విప్పకుండానే గుమ్మంలో నిలబడిపోయింది. "కాగితం టైముకే వచ్చింది. నాదే తప్పయింది. నేనట్ల అనాల్సింది కాదు."

కమలాబాయి తలుపు పట్టుకున్న చేయి వదిలేసింది.

బాల్కనీ తలుపు దగ్గర చిన్న దీపం వెలుగుతోంది. మొగిలయ్య సోఫాలో కూర్చుని, మోకాలి మీద వేడినీళ్ల సంచి పెట్టుకుని ఉన్నాడు. కస్తూరి చూసింది చూసినట్టు చెప్పింది. డబ్బా, మెనూ, చీటీ, స్టాంపు, నాలుగు మూలల పసుపు. ఖాళీ గీత.

ఆయన పక్కనున్న టీ అందుకున్నాడు. టీ కప్పు అంచు మీద గోటితో తట్టాడు, రెండుసార్లు.

"రెండు గీతలుండె," అన్నాడు చివరికి. "నేను చూసిన. కింది గీత ఆయనది, ఆయన వెడ్తడనుకున్న. పెద్ద సార్లకు మనం యాది చేసుడేందని అడగలేదు."

"తొమ్మిది మందియీ అట్లనే ఉన్నయి అంకుల్."

"నలుగురు సోమారమే సంతకాలు వెట్టిన్రు గద ఉత్తరం మీద." వేడినీళ్ల సంచి పక్కన పెట్టాడు. "నేను నాదే తప్పంటి. నన్ను చూసి వాళ్లు గూడ తమదే అనుకున్నరు." ఆ మాట దగ్గర ఆయన గొంతు మొదటిసారి గరుకైంది. "పన్ను పోతె పోయింది బిడ్డా, కష్టపడి కట్టుకుంట. నాతోని నాదే తప్పని రాపిచ్చుకుంటడా?"

కమలాబాయి దీపంలో నూనె పోస్తోంది. "రేపటితోని కార్తీకం అయిపాయె," అంది ఎటో చూస్తూ. "ఆ ఉత్తరం ఈ సారి దేవునికన్న ముందు వకీలుకు చూపియ్యి. దేవుడేం అనుకోడు."

మొగిలయ్య కస్తూరి ముఖంలోకి చూశాడు. "ఇది నాకు చెప్పినవని తెలిస్తె నీ నౌకరికేమన్న అయితదా?"

"తెల్వదు అంకుల్."

"అయితె నీ పేరు నా నోట రాదు. పో, ఇంటికి పో. చక్రి చూస్తుంటడు."

చక్రి కస్తూరి భర్త. వేర్‌హౌస్‌లో షిఫ్టులు చేస్తాడు. అతని వీసా కూడా ఆమె ఉద్యోగానికి కట్టి ఉన్నదే. బుధవారం పొద్దున ఆమెను ఆఫీసు దగ్గర దింపుతూ ఇంజన్ ఆపకుండా స్టీరింగు మీద చేతులు పెట్టుకుని కూర్చున్నాడు.

"నౌకరి పోతె ఈ దేశంల మనకు అరవై దినాలు. గంతే టైము. యాదికుంచుకో."

"నేనేం కొట్లాడతలేను చక్రీ. లిస్టుల ఏం రాసున్నదో అదే ఎక్కిస్త."

"తెల్సు నాకు. చెప్పిన పని చెప్పినట్టు చేస్తవు." అతను నవ్వబోయి మానేశాడు. "అందుకే భయమైతుంది."

జాబితాను ఆమె నాలుగుసార్లు చదివింది. 7.4: షేర్ల ఎలక్షన్ ఫారాలన్నిటి ప్రతులు, పూర్తయినవీ పూర్తికానివీ. 'పూర్తికానివీ' అని లాయర్లే రాశారు. ఆమె ఒక్క అక్షరం కలపలేదు.

స్కానర్ మూత తీసి అద్దం తుడిచింది. స్టేపుల్ పిన్నులు ఒక్కొక్కటే ఊడబెరికి గిన్నెలో వేసింది. మామూలుగా ఆఫీసులో స్కానింగంతా నలుపు తెలుపులోనే. ఆమె రంగులకు మార్చింది. స్టాంపు ఎర్రగా రావాలి. పసుపు పసుపుగా రావాలి. కవరును చీటీతో ఒకసారి, చీటీ లేకుండా ఒకసారి. తొమ్మిది ఫారాలకూ పేర్లు పెట్టింది. ఎవరినీ మో అనీ బెన్ అనీ పొట్టి చేసి రాయలేదు, జీతాల రిజిస్టరులో ఉన్న పూర్తి పేర్లే రాసింది. గ్రేయమ్ నోట్ కూడా ఎక్కించింది. పెట్టమన్నాడు కదా.

చివరి బటన్ దగ్గర వేలు ఆగింది. అరవై రోజులు. ఫ్లాటు అద్దె. చక్రి స్టీరింగు మీద పెట్టుకున్న చేతులు. బటన్ నొక్కాక తెరమీద ఆకుపచ్చ గీత ఎడమనుంచి కుడికి తాపీగా పాకుతూ పోయింది. మూడింటికి ఇరవై నిమిషాలు తక్కువ.

నాలుగింటికి మీటింగ్ రూములో బల్ల మీద అయిదు ఉత్తరాలు, అయిదు కొత్త పెన్నులు. సంతకం పెట్టని అయిదుగురూ నీలం కోట్లతోనే వచ్చి కూర్చున్నారు. పెట్టేసిన నలుగురు కూడా ఎందుకో వచ్చి గోడకు ఆనుకున్నారు. బయట అప్పుడే చీకటి పడిపోతోంది. కస్తూరి సాక్షి సంతకాల కోసం చివరి కుర్చీలో ఉంది.

"రెండు నిమిషాల పని," అన్నాడు గ్రేయమ్. "మో, నువ్వు సీనియర్‌వి. మొదలుపెట్టు."

మొగిలయ్య ఉత్తరం తన వైపు తిప్పుకున్నాడు. సంతకం గీత పక్కన గోటితో రెండుసార్లు తట్టాడు.

"ఇవాళ కుదరదు," అన్నాడు ఇంగ్లీషులో. "ఇవాళ అమావాస్య. ఆకాశంలో చంద్రుడు ఉండడు. మా ఇంట్లో ఇలాంటి రోజున సంతకాలు పెట్టం."

ఎవరో కిసుక్కుమన్నారు. గ్రేయమ్ కూడా నవ్వాడు, పంటి బిగువున. "మో, ప్లీజ్. మనం ఇక్కడ కూర్చోవలసి వచ్చిందే ఇలాంటివాటి వల్ల."

"కాదు," అన్నాడు మొగిలయ్య. గొంతు పెంచలేదు. బెంచీ దగ్గర అంకె చదివే గొంతే అది. "నేను ఆగస్టు తొమ్మిదిన సంతకం పెట్టాను. పదిన జానెట్‌కి ఇచ్చాను. నా ముందే స్టాంపు కొట్టింది. నా కాగితం తెచ్చి చూపించండి. అందులో నా సంతకం కింద ఇంకో గీత ఉంది. దాని మీద ఏముందో చూశాక ఇది పెడతాను. చూడనిదాని మీద నేను సంతకం చెయ్యను, గ్రేయమ్. ఇరవై రెండేళ్లు మీరు నాకు జీతం ఇచ్చింది అందుకే."

పక్క కుర్చీలో నేపాలీ ఆమె పెన్నుకు మూత పెట్టి, బల్ల మధ్యకు తోసేసింది. ఆ పెన్ను దొర్లుకుంటూ పోయి నీళ్ల జగ్గుకు తగిలి ఆగింది.

గ్రేయమ్ ముఖం చివరి కుర్చీ వైపు తిరిగింది. "కస్తూరీ, ఆయనకి చెప్పు. మీ భాషలో చెప్పు."

కస్తూరి చేతులు బల్ల కింద ఒకదాన్నొకటి పట్టుకుని ఉన్నాయి. వాటిని పైకి తీసి బల్ల మీద పెట్టింది.

"ఆయన మీ భాషలోనే చెబుతున్నారు, గ్రేయమ్."

అప్పుడే ఆయన ముందున్న ల్యాప్‌టాప్ చిన్నగా మోగింది. యథాలాపంగా అటు చూశాడు, చూసి చదవడం మొదలుపెట్టాడు. చదువుతుంటే చెవుల దగ్గర మొదలైన ఎరుపు మెడ దాకా దిగింది. తెర వెలుతురులో కస్తూరికి ఒక్క అంకె మాత్రం కనిపించింది. 7.4. దాని పక్కన లాయర్ల ప్రశ్న పొడుగ్గా ఉంది.

ఆయన తెర మూసేశాడు. కస్తూరి వైపు చూశాడు. ఆమె చూపు తిప్పుకోలేదు.

"మరి ఎప్పుడు పెడతావు?" అన్నాడు మొగిలయ్యతో. గొంతులో జోరు లేదు.

మొగిలయ్య ఉత్తరాన్ని మూడు మడతలు పెట్టి కోటు జేబులో దోపుకున్నాడు. "ఇంటికి తీసుకెళ్లి దేవుడి దగ్గర పెడతాను. తర్వాత ఒక సొలిసిటర్‌కి చూపిస్తాను." లేచి, మోకాలు సర్దుకునేదాకా బల్ల అంచు పట్టుకుని నిలబడ్డాడు. "పద్నాలుగు రోజులు పడుతుందేమో. బెంచీ మీద గేజ్ ప్రెషర్‌లో పెట్టి వచ్చాను, వెళ్లాలి."

ఆయన వెనకే మిగతా నలుగురూ లేచారు. ఉత్తరాలు జేబుల్లోకి వెళ్లాయి. గోడకు ఆనుకున్నవాళ్లలో ఒకడు కదలకుండా, "సోమవారం నేను పెట్టింది నాకు వెనక్కి కావాలి," అన్నాడు. గ్రేయమ్ ముఖం చూడకుండా, కస్తూరి ముందున్న ఫోల్డరు చూస్తూ అన్నాడు.

"రాసి అడగండి," అంది కస్తూరి. "నాకు మెయిల్ పెట్టండి. అందిన తేదీ వేస్తాను."

గది ఖాళీ అయ్యాక ఆమె పెన్నులు ఏరుతుంటే గ్రేయమ్ గుమ్మంలో ఆగాడు. "రేపు తొమ్మిదింటికి నా గదికి రా."

"వస్తాను."

కోటు వేసుకుని షెడ్డు మీదుగా బయటికి నడిచింది. రేపు తొమ్మిదింటి తర్వాత ఏమవుతుందో ఆమెకు తెలియదు. చక్రికి ఏం చెప్పాలో కూడా తెలియదు.

దీపాలు సగం ఆర్పేశారు. చివరి బెంచీ దగ్గర మాత్రం ట్యూబులైటు ఉంది. మొగిలయ్య పంపు మీద చేయి వేసి, ముల్లు వైపు చూస్తున్నాడు. తట్టాడు. ముల్లు వెంట్రుకవాసి కదిలి నిలబడింది. అంకె రాసుకుని, స్టిక్కరు తీసి, ఆ రోజు తేదీ వేసి, సంతకం పెట్టాడు.

కస్తూరి ఆగిపోయింది.

"అంకుల్, ఇయ్యాల అమాస గద. సంతకాలు వెట్టనంటిరి?"

ఆయన స్టిక్కరును బొటనవేలితో అంచులదాకా గట్టిగా నొక్కాడు.

"ఇది నేను కొలిచింది బిడ్డా," అన్నాడు. "కొలిచిన దానికి ఏ దినమైతేంది?"